వాగు దాటిన చాటింపు

కొత్తగా గ్రామ సేవకులుగా చేరిన పిల్లలు కొందరు మా ఇంటికి వచ్చి, "అవ్వా, నీ కాలంల పని ఎట్లుండె?" అని అడుగుతున్నారు. ఒక్కొక్కరికీ కూర్చోబెట్టి చెప్పే ఓపిక నాకు లేదు. అందుకని రాస్తున్నాను. నా చదువు మిషను బడిలో ఏడాదిన్నర. అక్షరం వంకరపోతే పోనీ, మాట వంకరపోకుండా చూసుకుంటాను.

నేను ఊరి కావలికారుగా చేశాను. ఊరి భూముల లెక్క రాసే పట్వారీ పిలిస్తే పోవాలి. ఆయన మీద అధికారి గిర్దావరు వస్తే ఆయన గుర్రానికి గడ్డి వేయాలి. సర్కారు మాట ఏదైనా డప్పు కొట్టి ఊరందరికీ చెప్పాలి. జీతం ఎప్పుడు పెరిగింది, ఏ కాగితం ఎక్కడ దాచాలి, ఇవి నేను రాయను. కచేరీలో మీకు అవే చెప్తారు. సర్కారు జాగాలో ఉన్న మనుషులను లేపి పంపే పని గురించి మాత్రం రాస్తాను. అది సరిగ్గా ఎలా చేయాలో మీకు చెప్పేవాళ్లు ఉండరు. తప్పుగా చేయడం మాత్రం వచ్చిన ప్రతి అధికారీ నేర్పిపోతాడు.

డప్పు నా చేతికి ఎలా వచ్చింది

ఈ పని మా మామ ముత్తయ్యది. ఆయనకు చూపు పోయింది. నా పెనిమిటి అంతకుముందే జ్వరంతో పోయాడు. ఇంట్లో పని చేయగల చేతులు నావే. పట్వారీ నవ్వాడు. "ఆడిది డప్పు గొడితే ఎవలింటరు ముత్తా?" అన్నాడు. మామ అన్నాడు: "ఎవలు గొట్టిన్రో జూడనీకి ఊరు బయటికొస్తది గద సారూ. అప్పుడు ఇంటరు."

అలాగే జరిగింది. మొదటి నెల నన్ను చూడటానికే వచ్చారు. తరువాత వినడానికి వచ్చారు.

డప్పును నిప్పు సెగకు చూపిస్తే తోలు బిగిసి మోగుతుంది. కొందరు దానికి గడ్డిమోపు తగలబెడతారు. పిడికెడు గడ్డి చాలు. మాటలు కూడా అంతే. చాటింపులో నాలుగు సంగతులుండాలి. ఏ జాగా, ఎవరి గురించి, ఎప్పటిదాకా గడువు, మీ మాట ఎవరికి చెప్పుకోవాలి. ఐదోది మన సొంత కవిత్వం. అది వద్దు.

ఈ నాలుగూ ఎవరికి చెప్పాలో వాళ్ల చెవినే పడాలని నాకు మామే నేర్పాడు. ఆయన వయసులో ఉన్నప్పుడు సర్కారు జాగాలో ఒక కుమ్మరి కుండలు కాల్చుకునే ఆవం పెట్టుకున్నాడు. దొర ఉండే గడి నుంచి మాట వచ్చింది, తీసేయమని. మామ నడిమధ్యాహ్నం చావడి ముందు డప్పు కొట్టి ఇంటికి వచ్చేశాడు. అందరూ చేసేది అదే. కుమ్మరి ఆ వేళ మన్ను తవ్వుకోవడానికి చెరువుకు పోయాడు. తిరిగి వచ్చేసరికి ఆవం లోపలి కుండలతో సహా కూలిపోయి ఉంది. ఆయన తిట్టలేదు, కొట్టలేదు. "నాకొక్కమాట చెప్పకపోతివి ముత్తన్నా" అన్నాడంతే. మామ బతికినన్నాళ్లూ ఆ ఇంటి ముందు నుంచి నడవలేదు, సందు తిరిగి పోయేవాడు. డప్పు నా చేతికిస్తూ ఈ సంగతి చెప్పి, "సప్పుడు జేసి రావొద్దు బిడ్డా. చెప్పి రావాలె" అన్నాడు.

ఒక మాట స్పష్టంగా చెప్తాను. సర్కారు జాగాలోంచి మనుషులను ఖాళీ చేయించడమే తప్పని నేననను. చెరువు శిఖంలో, అంటే నీళ్లు నిలిచే జాగాలో, వంగతోట వేసినవాళ్లను నేనే లేపించాను. వాళ్లకు చెప్పాం, వాళ్లు చెప్పింది విన్నాం, గడువిచ్చాం, ఆ తరువాత లేపాం. తోట వేసినాయన ఇప్పటికీ దారిలో కనిపిస్తే వంకాయలు ఇస్తాడు. చెరువులో నీళ్లు నిండాలంటే శిఖం ఖాళీగా ఉండాలి. దాన్ని కాదనను. అడగకుండా లేపడాన్ని మాత్రం కాదంటాను.

వాగవతల

మా ఊరు నల్లగొండ జిల్లా కొసన ఉంటుంది. ఊరికీ మా ఊరి బంచరాయికీ మధ్య వాగు. బంచరాయి అంటే పశువులు మేయడానికి సర్కారు వదిలిన జాగా. అది దాటితే పాలమూరు జిల్లా.

దొరల మీద రైతులు సంఘం కట్టి తిరగబడిన రోజుల్లో మా దొర గడికి తాళం వేసి పట్నం పోయాడు. సంఘం వాళ్లు ఆ బంచరాయిలో రాళ్ల దిక్కు ఉన్న ముక్కను వెట్టి చేసిన కుటుంబాలకు పంచారు. వాళ్లు అక్కడే గుడిసెలు వేసుకున్నారు. రాళ్లు ఏరి గట్టు పేర్చారు, తుమ్మ మొద్దులు పెకిలించారు, పచ్చజొన్న వేశారు. ఆ తరువాత యూనియన్ సైన్యం వచ్చింది. నిజాం రాజ్యం పోయింది. రజాకార్ల భయం పోయిందని సంబరపడ్డాం. అదే సైన్యం వెనకాల దొర కూడా తిరిగి వచ్చాడు. ఈసారి తల మీద గాంధీ టోపీ ఉంది.

వచ్చిన మరుసటేడు దొర కచేరీకి అర్జీ పెట్టాడు. బంచరాయి సర్కారుదనీ, సంఘపోళ్లు ఆక్రమించారనీ, ఊరి పశువులకు మేత లేదనీ రాయించాడు. మాట వినడానికి న్యాయంగానే ఉంది. జొన్న అప్పటికి పాలకంకి మీద ఉంది. ఇంకొక నెల ఆగితే ఆ గుడిసెల్లో ఏడాది తిండి. ఆ నెలే వాళ్లకు లేకుండా చేయాలని దొర తొందర.

చావడి ముందు

గిర్దావరు నోటీసు తెచ్చాడు. ఉర్దూలో ఉంది. ఆయనే చదివి చెప్పాడు. నేను చావడి ముందు డప్పు కొట్టి ఊరికి చెప్పాను. కొట్టడం ఆపానో లేదో ఆయన ఇంకో కాగితం తీశాడు. అది పంచనామా. జాగాలో ఉన్నవాళ్లందరికీ తెలియజేశాం, ఎవరూ జవాబు చెప్పలేదు అని అందులో రాసి ఉందట. నన్ను కింద వేలిముద్ర నిశాని వేయమన్నాడు. దొర గుమాస్తా పక్కనే తమలపాకు నములుతూ నిలబడ్డాడు.

"సారూ, జవాబు చెప్పలే అని రాసిన్రు. అడిగింది ఎవలు?" అన్నాను.

"డప్పు గొట్టినవ్ గదా? బస్."

"వాగవతలోళ్లకు నేనింక చెప్పలే సారూ. వాగు నిండ పారుతాంది."

"పారితే పారనీ. డప్పు సప్పుడు నీళ్ల మీదికెళ్లి పోదా?"

"సప్పుడు పోతది సారూ. మాట పోదు."

చావడిలో ఎవరో కిసుక్కున నవ్వారు. గిర్దావరు ముఖం ఎర్రబడింది. గుమాస్తా తమలపాకు ఉమ్మి, "సంఘపోళ్లకు నువ్వెప్పటిసంది వకీలువైతివే సాయమ్మా? క్యాంపుల మిలట్రీ సార్లకు నీ పేరు గూడ చెప్పమంటవా?" అన్నాడు.

ఆ రోజుల్లో ఆ మాట వింటే మగవాళ్లే ఊరు విడిచి పోయేవారు. సంఘం వాళ్లను పట్టి ఉంచే ఆ సైన్యం క్యాంపులోకి పోయినవాళ్లు ఎలా తిరిగి వచ్చారో మేం చూశాం. కొందరు తిరిగి రాలేదు కూడా. నాకూ భయమేసింది. అయినా వేలు కొంగులో ముడుచుకుని, "చెప్పొచ్చినంక ఏస్త సారూ. జర మియాదు, గడువు ఇయ్యిండ్రి" అన్నాను.

గిర్దావరు చెడ్డవాడని నేననను. ఆయనకు పైనుంచి తొందర, కింద వాగు. రెంటి మధ్యా ఇరుక్కున్న అధికారికి దగ్గరి దారి డప్పు చప్పుడే. మీకూ అలాంటి అధికారులు తగులుతారు. వాళ్లతో పోట్లాడకండి. నిశాని మాత్రం వేయకండి.

డప్పు నెత్తిన పెట్టుకుని

మరునాడు పొద్దున్నే డప్పును నెత్తిన పెట్టుకుని వాగులో దిగాను. నడుం దాకా నీళ్లు. డప్పు తడిస్తే మళ్లీ కాచుకోవాలి, గడ్డి ఖర్చు. అందుకని నేను తడిసినా దాన్ని తడవనివ్వలేదు. అవతలి ఒడ్డున లింగయ్య అనే రైతు చెయ్యి అందించాడు.

"ఏందక్కా, ఈతకొచ్చినవా, సర్కారు పనికొచ్చినవా?"

"రెండిటికి. మొదలు నీళ్లలకెళ్లి గుంజు, తరువాత పరాష్కాలాడుదువు."

ఒక్కొక్క గుడిసె ముందూ నిలబడి కొట్టాను, చెప్పాను. లింగయ్య భార్య బక్కమ్మ చేటలో గింజలు చెరుగుతోంది. నా మాట పూర్తయ్యేదాకా చెరుగుతూనే ఉంది. తరువాత చేట కింద పెట్టింది.

"నువ్వు గూడ దొర దిక్కేనా సాయమ్మా?"

"నేను ఎవల దిక్కు గాదు. మిమ్ముల లేపాల్నంటే మీ మాట ఇనాలె. గది చెప్పనీకి వచ్చిన. గడువు లోపట చావడికొచ్చి చెప్పుకోన్రి."

"చావడికా!" అని నవ్వింది. ఆ నవ్వు నాకు నచ్చలేదు. "చావడికి వస్తే గుమాస్త మమ్ముల ఇట్లిట్ల చూపిస్తడు. ఆడికెళ్లి మిలట్రీ లారీ ఎక్కిస్తరు. గదేనా మా మాట ఇనుడు?"

చెప్పుకోమని పిలిచిన చోటికి రాలేని మనిషికి, చెప్పుకోమనడం ఏం ఉపకారం? ఇది నేను మామ దగ్గర నేర్చుకున్నది కాదు, బక్కమ్మ దగ్గర నేర్చుకున్నది. మీరు నోటీసు ఇచ్చేటప్పుడు ఆ మనిషి ఆ చోటికి రాగలడా లేడా అని అడగండి. రాలేకపోతే మీ పని సగమే అయినట్టు.

కచేరీ మెట్ల మీద

ఆ తడి చీరతోనే తాలూకా కచేరీకి నడిచాను. పోయేసరికి చీర ఆరింది, కాళ్లు వాచాయి. తహసీల్దారు కొత్తాయన, కోస్తా దిక్కు నుంచి వచ్చాడు. ఆయన తెలుగు నాకు సగం అర్థమయ్యేది, నాది ఆయనకు సగం. ఇద్దరం కలిస్తే ఒక పూర్తి మాట.

"ఏమ్మా, ఏం కావాలండి?" అన్నాడు. అధికారి నన్ను అండీ అనడం అదే మొదలు. వెనక్కి తిరిగి చూశాను, ఇంకెవరైనా ఉన్నారేమోనని.

"సారూ, బంచరాయోళ్లకు నోటీసు చెప్పిన. ఆళ్లు చావడికి రారు. పానం భయం."

గిర్దావరు పక్కనుంచి అందుకున్నాడు. "గడువిచ్చినం సాబ్. వాళ్లు రాకుంటే మనదేం కసూరు? జొన్న కోసుకున్నంక ఆ జాగా వదులుతరా? ఇప్పుడే లేపాలె."

తహసీల్దారు ఆయన్ను ఆగమని, నన్నడిగాడు. "మరి ఏం చేద్దామంటావమ్మా?"

"ఆళ్లు మీ కాడికి రాలేరు సారూ. మీరు ఆళ్ల కాడికి పోవచ్చు. మిమ్ముల లారీ ఎక్కించేటోడు లేడు గద."

గిర్దావరు నోరు తెరిచాడు. తహసీల్దారు గట్టిగా నవ్వాడు. "రైటేనండి. నన్నెవరూ ఎక్కించరు" అని బంచరాయిలోనే విచారణ పెడతానన్నాడు. అంతవరకూ ఒక్క గుడిసె పీకడానికి వీల్లేదని గిర్దావరుకు అక్కడే చెప్పాడు. నాకు తగిలిన అధికారుల్లో చాలామంది తెలివైనవాళ్లు. తన కుర్చీ వదిలి లేచిన తెలివి మాత్రం ఈయన దగ్గరే చూశాను.

బండ మీద

ఆయన చెప్పిన రోజు వచ్చాడు. బూట్లు విప్పి, ప్యాంటు మడిచి వాగు దాటాడు. వెనక గిర్దావరు, గుమాస్తా. మధ్యలో జారి గుమాస్తా ఒక మునక వేశాడు. అవతలి ఒడ్డున పిల్లలు చప్పట్లు కొట్టారు. వద్దని నేను కసిరాను, కాని కొంచెం ఆలస్యంగా.

బంచరాయిలో ఒక పెద్ద బండ ఉంది. తహసీల్దారు దాని మీదే కూర్చున్నాడు. గుడిసెల వాళ్లంతా కింద నేల మీద కూర్చోబోతే, "బండ మీద చోటుందిగా" అని పైకి పిలిచాడు. తరువాత బక్కమ్మ వైపు చూసి, "ఇది సర్కారు జాగా. ఖాళీ చేయమని నోటీసు ఇచ్చాం. మీరేమంటారు?" అన్నాడు.

అంత గడుసు బక్కమ్మ చీర కొంగు నోట్లో పెట్టుకుంది. తరువాత కొంగు తీసి అంది: "మమ్ముల ఎన్నోసార్లు పిలిచిన్రు సారూ. కట్టెలకు పిలిచిన్రు, నీళ్లకు పిలిచిన్రు, దొరసాని కాళ్లు వత్తనీకి పిలిచిన్రు. ఏమంటవ్ అని ఇయ్యాలనే అడిగిన్రు. జర ఆగుండ్రి, యాద్ జేసుకొని చెప్త."

ఆయన ఆగాడు. నిజంగానే ఆగాడు. గిర్దావరు ఎండ చూసి నిట్టూర్చాడు.

ఒక్కొక్కరే చెప్పారు. రాళ్లు ఏరడంలో చేతులు ఎలా పగిలాయో చూపారు. ఆఖరికి తహసీల్దారు ఒక న్యాయమైన మాట అడిగాడు. "అన్నీ నిజమేనయ్యా. కాని మీరు దున్నుకుంటే ఊళ్లో పశువులు ఎక్కడ మేయాలి?"

లింగయ్య లేచాడు. "సారూ, మేం దున్నింది రాళ్ల దిక్కు. గీడ గడ్డి ఎన్నడు మొలువలే. బంచరాయిల గడ్డి జాగా వేరే ఉన్నది."

"ఎక్కడ?"

"గదో, దొర మామిడితోట గోడ లోపట."

గుమాస్తా తడిబట్టలతోనే ఎగిరాడు. "అబద్ధం! అది మా దొర పట్టా భూమి!"

"అయితే కొలుద్దాం" అన్నాడు తహసీల్దారు.

గొలుసు వేసి కొలిచారు. కొలుస్తుంటే గుమాస్తా ముఖంలో రంగు మారుతూ వచ్చింది. తోటలో ఎక్కువ భాగం బంచరాయిదే. సంఘం రాకముందెప్పుడో దొర గోడను కొంచెం కొంచెం జరుపుకుంటూ వచ్చాడు. ఊరి పశువులకు మేత లేకుండా చేసింది ఆ గోడే. ఊళ్లో ముసలివాళ్లకు తెలుసు, చెప్పే చోటు లేక ఊరుకున్నారు. గిర్దావరు గొలుసు తానే పట్టుకుని రెండోసారి కొలిచాడు. తేడా రాలేదు. "సహీ హై సాబ్" అన్నాడు. అది ఒప్పుకున్నందుకు ఆయన మీద నాకున్న కోపం సగం పోయింది.

చూశారా, ఇదీ అడగడంలో ఉన్న సంగతి. మనుషులను అడిగేది దయతోనే కాదు. అడిగితే మనకు తెలియనిది తెలుస్తుంది. చావడి ముందు నేను నిశాని వేసి ఉంటే జొన్న పోయేది, గుడిసెలు పోయేవి. పశువులు మాత్రం గోడ బయటే నిలబడి ఉండేవి.

గడి ముందు

ఆ మరునాడు వయసు పిల్లలు గడ్డపారలు పట్టుకుని తోట మీదికి బయలుదేరారు. ముందు లింగయ్య. నేను అడ్డం నిలబడ్డాను.

"యాడికి?"

"గోడ కూలగొట్టనీకి. సర్కారు జాగా అని సార్ చెప్పె గద."

"దొరకు నోటీసు అందిందా?"

వాళ్లు ఒకరి ముఖం ఒకరు చూసుకుని పడీపడీ నవ్వారు. "దొరకు నోటీసా! అక్కా, నీకు ఎండదెబ్బ తాకింది. మనకెవలిచ్చిన్రు నోటీసు?"

"నేనిచ్చిన. నడుం లోతు నీళ్లు దాటొచ్చి ఇచ్చిన. యాది మర్సినవా?"

లింగయ్య గడ్డపార దించాడు. మిగతావాళ్లు గొణిగారు. ఒకడు నన్ను దొర మనిషినన్నాడు. అంతకుముందు గుమాస్తా సంఘం మనిషినన్నాడు. రెండు వైపులా తిట్లు పడుతుంటే పని సరిగ్గానే చేస్తున్నట్టు లెక్క.

దొరకు చెప్పి రమ్మని తహసీల్దారు నోటీసు నాకే ఇచ్చాడు. గడి ముందు డప్పు కొట్టకూడదని మా ఊళ్లో అప్పటిదాకా కట్టుబాటు. మా మామ గడి వాకిట్లోకి వస్తే చెప్పులు చంకలో పెట్టుకునేవాడు, డప్పు వెనక్కి తిప్పుకునేవాడు. నేను పిడికెడు గడ్డి అంటించి, అక్కడే సెగ చూపించి, గడి తలుపు ముందే కొట్టాను. ఊరంతా అరుగుల మీదికి వచ్చింది. దొర బయటికి వచ్చాడు.

"ఏందే సాయీ, ఎవల సావు?"

"సావు గాదు దొరా, నోటీసు. తోట గోడ లోపటి జాగ బంచరాయిది. గడువు లోపట ఖాళీ చెయ్యాలె. మీరు చెప్పుకునేది ఉంటే బండ కాడ తహసీల్దారు సార్‌కు చెప్పుకోవాలె."

"నన్ను అడుగుతవానే? నన్ను?"

"అందర్ని అడిగినం దొరా. మిమ్ముల ఒక్కర్ని ఇడిసిపెడితే మంచిగుండదు గద."

అరుగుల మీద ఎవరూ నవ్వలేదు. దొర నా వైపు కాదు, ఆ అరుగుల వైపు చూశాడు. తరువాత లోపలికి పోయాడు.

కోత

దొర బండ దగ్గరికి వచ్చాడు. కుర్చీ తెచ్చుకున్నాడు, బండ మీద అది నిలవలేదు. చివరికి అందరిలాగే బండ మీద కూర్చున్నాడు. తహసీల్దారు అదే ప్రశ్న, అదే గొంతుతో అడిగాడు. "మీరేమంటారు?"

దొర కొలత తప్పని అనలేకపోయాడు. గిర్దావరు అక్కడే ఉన్నాడు. ఆఖరికి, "మామిడి కాపు దిగేదాక మియాదు కావాలె" అన్నాడు.

గుడిసెల వాళ్లలో గుసగుసలు లేచాయి. మన జొన్నకు నెల ఇవ్వనివాడు ఇప్పుడు మామిడికి గడువడుగుతున్నాడని ఎవరో గట్టిగానే అన్నారు. తహసీల్దారు వాళ్ల వైపు తిరిగి, అభ్యంతరం ఉంటే చెప్పమన్నాడు. బక్కమ్మ లేచింది. ఈసారి కొంగు నోట్లో పెట్టుకోలేదు.

"ఇయ్యిండ్రి సారూ. పంట కండ్ల ముందట పోతే ఎట్లుంటదో మాకెరుక."

దొర తల వంచుకున్నాడు. సైన్యం వంచలేదు, సంఘం వంచలేదు ఆ తలను.

తీర్పు అక్కడే చెప్పారు. మామిడి కాపు దిగాక గోడ తీసి గడ్డి జాగా పశువులకు వదలాలి. రాళ్ల దిక్కు దున్నుకున్నవాళ్లను లేపకూడదు, సర్కారు జాగాను సాగుచేసేవాళ్లకు రాసిచ్చే లావుణి పట్టాకు వాళ్ల పేర్లు రాసుకోవాలి. ఆ పట్టాలు చేతికి రావడానికి ఏళ్లు పట్టింది, కచేరీల సంగతి మీకు నేను చెప్పాలా. అయినా ఆ రోజు తరువాత ఆ గుడిసెల మీద ఎవరూ చెయ్యి వేయలేదు. ఎండాకాలం పోయాక గోడ పడింది. పడగొట్టింది దొర జీతగాళ్లే, గడువు ప్రకారం, ఒక్క దెబ్బలాట లేకుండా.

తీర్పు వచ్చిన కొన్నాళ్లకు నేను మళ్లీ వాగు దాటాను. వాగు అప్పటికి చీలమండల లోతుకు దిగింది. తీర్పును గుడిసె గుడిసెకూ చెప్పి రావాలి, అది నా పని. చేను నిండా కంకులు బరువుకు వంగి ఉన్నాయి. అందరూ కోతలో ఉన్నారు. నేను గట్టు మీద నిలబడి డప్పు భుజానికి తగిలించుకుని, కొట్టే పుల్ల సిర్ర చేతిలోకి తీసుకున్నాను.

బక్కమ్మ చేలోంచి తల ఎత్తి అరిచింది: "ఓ సాయమ్మా! ఇన్నం, ఇన్నం, మస్తుగ ఇన్నం! గా డప్పు గట్టు మీద వెట్టి గీ సాలు వట్టు. పొద్దు పోతాంది!"

డప్పు గట్టు మీద పెట్టాను. బక్కమ్మ విసిరిన కొడవలి అందుకుని సాలులోకి దిగాను.